ఇరవై నాలుగో గుండు

పిచ్చుక అనే పడవ మీద కొత్తగా పనికి చేరినవాళ్ళకి, దాన్ని నడిపే సరంగు మొదటిరోజు ఏమీ నేర్పేవాడు కాదు. వల ఎలా విసరాలో, తాడు ఎలా చుట్టాలో చూసి నేర్చుకోమనేవాడు. ఒక్క మాట మాత్రం ఎదురుగా కూర్చోబెట్టుకుని చెప్పేవాడు.

"దిబ్బ మీద మన వల నీళ్ళలో ఉండకూడదు. చేపలు ఎగిరి ఒళ్ళో పడుతున్నా సరే."

దిబ్బ అంటే నీళ్ళ కింద మైలు పొడుగున పేరుకున్న ఇసుకమేట. చుట్టుపక్కల సముద్రమంతా వట్టిపోయిన రోజుల్లో కూడా అక్కడ చేప దొరికేది. మిగతా పడవలు తిన్నగా దాని మీదికే పోయేవి. పిచ్చుక మాత్రం గంట ఎక్కువైనా చుట్టూ తిరిగి లోతు నీళ్ళలోకి పోయి, వాళ్ళకి దొరికినదాంట్లో సగంతో తిరిగొచ్చేది. రేవులో అందరికీ అదొక వేళాకోళం. సరంగు పట్టించుకునేవాడు కాదు. పొడుగ్గా, ఎండిన తాటాకులా ఉండే మనిషి. నోరు తెరిస్తే పని గురించే.

పిచ్చుక ఆయన మామ చేతులతో కట్టుకున్న పడవ. ఇరవై ఎనిమిది అడుగుల చెక్కపడవ, ఎంత బరువు వేసినా నీటిమీద ఎగిరెగిరి పడుతుంది కాబట్టి ఆ పేరు. మామకి కళ్ళు మసకబారేసరికి కొడుకు ఇంకా చిన్నవాడు. అందుకని చుక్కాని అల్లుడి చేతికొచ్చింది. అప్పుడతనికి ఇరవై నాలుగు. రెండేళ్ళు తిరక్కుండానే యుద్ధం వచ్చింది.

నౌకాదళం వాళ్ళు రేవులోని పడవలన్నింటినీ కొలిచారు. నది సముద్రంలో కలిసేచోట లోతు తక్కువ, పెద్ద ఓడలు రాలేవు. శత్రువుల చిన్న పడవలు మాత్రం దూరిపోగలవు. ఆ దారికి అడ్డంగా నీళ్ళలో, తగిలితే పేలే గుండ్లు పరచాలన్నారు. అంత తక్కువ నీళ్ళలో బరువు మోసుకుని తిరగగలిగింది పిచ్చుక ఒక్కటే. పడవని తీసుకుంటే సరంగు కూడా దాంతోపాటే. అడిగేదేముంది, కాగితం చేతిలో పెట్టి పదమన్నారు.

పడవ వెనకభాగంలో రెండు ఇనుప పట్టాలు ఎనిమిది బోల్టులతో బిగించారు. గుండు ఒక్కొక్కటీ మనిషి నడుమెత్తు ఉండేది. నల్లగా, చుట్టూ కొమ్ములతో, కింద ఒక బరువైన ఇనుప దిమ్మతో. పట్టాల మీంచి తోస్తే దిమ్మ అడుక్కి పోతుంది. దానికి కట్టిన ఇనుప తాడు గుండుని నీటిమట్టానికి బారెడు కింద నిలబెడుతుంది. పైనుంచి చూస్తే ఏమీ ఉండదు. మామూలు సముద్రమే.

ఒక్కో విడతకు నాలుగు చొప్పున ఆరు విడతలు. ఇరవై నాలుగు గుండ్లు. ఇద్దరు నావికులు తోసేవాళ్ళు. ఒక కుర్ర ఆఫీసరు పెన్సిలు పట్టుకుని మ్యాపు మీద గుర్తు పెట్టేవాడు. సరంగు చుక్కాని దగ్గర. ఐదు విడతలు ఏ ఇబ్బందీ లేకుండా జరిగాయి. ఆరోది ఒక వానపొద్దున.

దిబ్బ దాటుతుండగా పక్కనుంచి అల ఒకటి వచ్చి పిచ్చుకని ఎగరేసింది. చివర ఉన్న గుండు కట్టు తెంచుకుంది. ఇనుము మీద ఇనుము రాసుకుంటూ జారిన చప్పుడు, ఆ వెంటనే నీళ్ళు విరిగిన చప్పుడు. సరంగు వెనక్కి తిరిగేసరికి పట్టాల చివర ఖాళీ. చోటు గుర్తుపెట్టుకునే చేపలవాడి అలవాటు కొద్దీ మొదట ఒడ్డుకేసి చూశాడు. ఇటుకబట్టీ గొట్టం సరిగ్గా దీపస్తంభానికి ముందు నిలబడి ఉంది. రెండో గుర్తు కోసం అటువైపు కొండని చూడబోతే వాన దాన్ని మింగేసింది. అంటే ఆ గుండు ఏ గీత మీద పడిందో తెలుసు. ఆ గీత మీద ఎంత దూరంలో పడిందో తెలీదు.

ఆఫీసరు అప్పటికి గంటనుంచీ కడుపులో తిప్పి పడవ అంచు పట్టుకుని వేలాడుతున్నాడు. మిగిలిన మూడూ అనుకున్నచోట వేశాక, మ్యాపు మీద నాలుగు గుర్తులు పెట్టాడు.

"ఒకటి దిబ్బ దగ్గరే పడిపోయిందండీ," అన్నాడు సరంగు.

"తెచ్చినవి ఎన్ని?"

"నాలుగు."

"ఇప్పుడు పడవలో ఎన్నున్నాయి?"

"ఏమీ లేవు."

"లెక్క సరిపోయింది కదా," అన్నాడు ఆఫీసరు, మొహం తుడుచుకుంటూ. సాక్షి సంతకం ఉన్నచోట వేలు పెట్టి చూపించాడు. సంతకం అయిపోతే పడవ వదిలేస్తామన్నాడు. సరంగు తడిసి ముద్దయి ఉన్నాడు. ఇంట్లో భార్యకి నెలలు నిండుతున్నాయి. పెన్సిలు తీసుకుని తన పేరు రాశాడు.

ఆ సంతకం ఆయన్ని తర్వాత బతికినన్నాళ్ళూ వెంటాడింది.

యుద్ధం అయ్యాక గుండ్లు తీసే పడవలు వచ్చాయి. వరసలో ఇరవై మూడు దొరికాయి. ఇరవై నాలుగోది తుఫానుకి కొట్టుకుపోయి ఉంటుందని రాసుకుని వెళ్ళిపోయారు. సరంగు బస్సెక్కి వాళ్ళ ఆఫీసుకి పోయాడు. మూడు గుమ్మాలు తిరిగాక ఒక గుమాస్తా ఓపిగ్గా ఫైలు తీశాడు.

"ఇరవై నాలుగూ వరసలో వేశామని ఉందిక్కడ. ఈ సంతకం ఎవరిది?"

"నాదే."

"అప్పుడు నిజం రాశారా, ఇప్పుడు నిజం చెప్తున్నారా?"

"ఇప్పుడండీ."

గుమాస్తా ఫైలు మూశాడు. చెడ్డవాడేం కాదు, మంచినీళ్ళు ఇప్పించి మరీ పంపాడు.

పట్టాలు ఊడబెరికి, ఎనిమిది బోల్టు రంధ్రాల్లో కర్రబిరడాలు కొట్టించుకుని సరంగు మళ్ళీ వేటకి దిగాడు. దిబ్బ సంగతి కనపడిన ప్రతివాడికీ చెప్పాడు. మొదటి ఏడు భయపడ్డారు. రెండో ఏడు ఒకరిద్దరు వల వేసి నిండుగా తెచ్చుకున్నారు. మూడో ఏడుకి సరంగు మాట నవ్వులాట అయింది. అందరికంటే ఎక్కువ నవ్వినవాడు ఆయన బావమరిది.

బావమరిదికి ముప్పై రాకుండానే తల బోడైపోయింది. ఆ బోడితల మీద తనే జోకులు వేసుకునేవాడు. సొంతంగా చిన్న పడవ కొనుక్కున్నాడు. పెళ్ళయింది. పెళ్ళాం బట్టలు కుట్టేది.

"ఈ ఊళ్ళో ఉన్న గుండు ఒక్కటే బావా," అనేవాడు నెత్తి మీద చరుచుకుంటూ, "అది నా దగ్గరుంది. నువ్వు సముద్రంలో వెతకడం దేనికి?"

నవ్వనివాళ్ళు కూడా నవ్వేవాళ్ళు. సరంగు మాత్రం, "దిబ్బ మీదికి పోకురా. నా మాట విను," అనేవాడు. బావమరిది సరే అనేవాడు. మొహమాటానికి కొంతా, అక్క మొహం చూసి కొంతా అన్నేళ్ళూ పోలేదు కూడా.

తొమ్మిదో ఏడు రేవుకి రాతిగోడ కట్టడం మొదలుపెట్టారు. దాని కోసం ఊరి అవతల క్వారీలో రోజూ మధ్యాహ్నం పన్నెండింటికి రాళ్ళు పేల్చేవాళ్ళు. ఆ ధడేల్‌కి జనం అలవాటు పడిపోయారు, వంట అయిందా లేదా దాన్నిబట్టి చూసుకునేవాళ్ళు. ఆ నెలల్లో వేట కూడా బాగా పడిపోయింది. ఒకరోజు, గాలి లేదు, అల లేదు, సముద్రం పళ్ళెంలో పోసినట్టుంది. బావమరిది ఒక్కడే పడవ వేసుకుని పొద్దున్నే వెళ్ళాడు. పన్నెండింటికి పేలుడు వినిపించింది. రెండు వినిపించాయని కొందరు, ఒకటేనని కొందరు. ఆ మనిషి తిరిగి రాలేదు.

సరంగు పిచ్చుకని తీసుకుని నాలుగు రోజులు వెతికాడు. దిబ్బ మీద కూడా తిరిగాడు, అప్పుడు భయం గుర్తుకే రాలేదు. ఐదోరోజు ఎక్కడో దూరాన ఒడ్డున ఒక తెడ్డు, పడవ చెక్క ఒకటి దొరికాయి. చెక్క చీలి ఉంది. రాళ్ళకి కొట్టుకున్నా అలాగే చీలుతుంది.

క్వారీ వాళ్ళని అడిగితే, ఆరోజు ఎన్నిసార్లు పేల్చారో ఎవరికీ గుర్తులేదు.

తర్వాత నాలుగు నెలలకి ఒక లారీ డ్రైవరు, మరో ఊరి రేవులో అలాంటి బోడితల మనిషిని చూశానని చెప్పాడు. చేపల తట్టలు దించుతూ నవ్వుతున్నాడట. బావమరిది పెళ్ళానికి ఆ మాట చాలింది. పారిపోయాడని జనం చెవులు కొరుక్కుంటే ఆమె సిగ్గుపడలేదు. ఉన్నాడు, ఎప్పుడో బుద్ధొచ్చి వస్తాడు. అంతే. మిషను దగ్గర కూర్చుని, "మా ఆయనకి చొక్కా చేతులు పొడుగైతే నచ్చదు" అనేది, నిన్న తొడుక్కుని వెళ్ళినట్టు. పదేళ్ళ తర్వాత కూడా అలాగే అంది. ముప్పై ఏళ్ళ తర్వాతా అలాగే అంది. దిబ్బలో గుండు ఉందన్న మాట మాత్రం ఆమె ముందు ఎత్తకూడదు.

"అన్నయ్యా, నీ కథ నీ దగ్గరుంచుకో," అంది సరంగుతో ఒకేసారి. ఇక మాట్లాడలేదు.

సరంగు భార్య అయితే దిబ్బ ఊసే మానేసింది. భర్త ఎదురుగా కూర్చుని తినడం కూడా మానేసింది. పళ్ళెం తీసుకుని వంటింట్లోకి పోయేది. తమ్ముణ్ణి పొట్టన పెట్టుకున్నది నువ్వేనని ఆమె మనసులో ఉందని సరంగు అనుకున్నాడు. అనడానికి ఆమెకి నోరు రావట్లేదు, వినడానికి తనకి ధైర్యం లేదు. అలాగే కూతురు పెరిగింది, పెళ్ళయింది, ఇల్లరికం కాకపోయినా అల్లుడు ఆ ఇంటి పక్కనే కాపురం పెట్టాడు.

ఆ చప్పుడు మొదలైంది ఎప్పుడో సరంగు సరిగ్గా చెప్పలేకపోయేవాడు. గాలి పడిపోయిన మధ్యాహ్నాల్లో, ఇంజను ఆపి వల లాగేవేళ, వెనకనుంచి ఇనుము జారినట్టు వినిపించేది. పట్టాలు లేవు. జారడానికి ఏమీ లేదు. తిరిగి చూస్తే కర్రబిరడాలు ఎనిమిదీ తడిసి ఉబ్బి, చెక్క మీద బొబ్బల్లా కనిపించేవి. వయసు మీద పడి చెవులు పాడయ్యాయనుకున్నాడు. మరి ఒకరోజు, పనికి చేరి వారం తిరగని మనిషి, పొరుగు ఊరివాడు, నలభై ఏళ్ళవాడు, యుద్ధం సంగతి ఒక్క ముక్క కూడా తెలీనివాడు, వల వదిలేసి లేచి నిలబడ్డాడు.

"సరంగూ, వెనక ఏదో జారి నీళ్ళలో పడింది. చూడనా?"

"ఏం పడలేదు. నీ పని చూసుకో."

ఆరోజు సరంగు తెచ్చుకున్న అన్నం మూత కూడా తియ్యలేదు. ఆ మనిషి మర్నాటినుంచి పనికి రాలేదు.

అల్లుడు ఫైబరు పడవ కొన్నాక పిచ్చుక ఒడ్డెక్కింది. కట్టెల కింద అమ్మేద్దామనుకుంటుండగా పురావస్తు శాఖవాళ్ళు వచ్చారు. యుద్ధంలో వాడిన ఇలాంటి పడవ తీరమంతా వెతికినా ఇంకోటి లేదట. షెడ్డు కట్టి అందులో పెడతామన్నారు. కొలతలు తీసుకోవడానికి ఒక సర్వేయరు వచ్చింది. ముప్పై ఏళ్ళుంటాయి, మనిషి నెమ్మది. టేపు పట్టుకుని వెనకభాగం దాకా వచ్చి ఆగింది.

"తాతగారూ, ఈ ఎనిమిది బిరడాలు ఏంటండీ?"

సరంగుకి అప్పటికి డెబ్భై ఎనిమిది. పడవ అంచు మీద కూర్చుని, మొదట్నుంచీ చెప్పాడు. ఆమె మధ్యలో నవ్వలేదు, వాచీ చూసుకోలేదు. మూడు పేజీలు రాసింది. కింద సంతకం పెట్టమని పెన్ను ఇస్తే ఆయన చెయ్యి ముందుకి రాలేదు.

"ఒకసారి ఇలాగే పెట్టానమ్మా."

ఆమె పెన్ను వెనక్కి తీసుకుని, రాసినదంతా పైకి చదివింది. ఒకచోట 'జారింది' అని ఉంటే 'కట్టు తెంచుకుని జారింది' అని మార్పించాడు. ఇంకోసారి చదవమన్నాడు. అప్పుడు పెట్టాడు.

రెండు వారాలకి సముద్రం అడుగుని బొమ్మ గీసే యంత్రం ఉన్న పడవ ఒకటి వచ్చింది. ఇటుకబట్టీ ఎప్పుడో మూతపడినా గొట్టం నిలబడే ఉంది. దాన్ని దీపస్తంభంతో కలిపి, సరంగు చెప్పిన గీత మీద పైకీ కిందకీ తిరిగారు. రెండోరోజు ఏదో కనిపించింది. మూడోరోజు క్రేనుతో పైకి లాగారు.

దిమ్మ. గుల్లలు అంటుకుని, ఇసుక కారుతూ. దానికి రెండు మూరల ఇనుప తాడు. చివర తెగి ఉంది.

"మీరు చెప్పింది నిజమే తాతగారూ," అంది సర్వేయరు.

ఆ మాట వినడం కోసమే యాభై ఏళ్ళు బతికాననుకునేవాడు సరంగు. తీరా విన్నాక ఆమెకేసి తిరగలేదు. తాడు తెగిన చోటే చూస్తున్నాడు.

"గుండు ఏదమ్మా?"

"దిబ్బంతా గాలించాం. లేదు. తుప్పు పట్టి తాడు తెగితే గుండు తేలి ఎటో పోతుంది. పేలినా తాడు ఇలాగే తెగుతుంది. ఏది జరిగిందో, ఎప్పుడు జరిగిందో ఇప్పుడు ఎవరూ చెప్పలేరు."

అదే రోజు సాయంత్రం సరంగు భార్యని వెంటబెట్టుకుని బావమరిది ఇంటికి వెళ్ళాడు. చెల్లెలి వరస మనిషి, ఆమె చెవిన వేరేవాళ్ళ నోటినుంచి పడటం ఆయనకి ఇష్టం లేదు. ఆమె మిషను మీద దిండుగలీబు కుడుతోంది. జరిగింది చెప్పాడు. ఆమె గుడ్డ చివరిదాకా కుట్టి, దారం కొరికి, మడత పెట్టింది.

"ఇన్నేళ్ళూ నువ్వు అబద్ధం చెప్తున్నావనే అనుకున్నాను అన్నయ్యా," అంది. "అదే బాగుండేది."

"అక్కడే పోయాడని ఎవరూ అనట్లేదు చెల్లెమ్మా. తాడు ఊరికే తెగి ఉండొచ్చు."

"ఆయన దిబ్బ మీదికి పోడు. నీకు మాటిచ్చాడు. నాక్కూడా ఇచ్చాడు."

అప్పటిదాకా గుమ్మం పక్కన నిలబడ్డ సరంగు భార్య కిందికి జారి కూర్చుంది.

"నేనే పొమ్మన్నాను," అంది.

ఇద్దరూ ఆమెకేసి తిరిగారు.

"ఆ పొద్దున మా ఇంటికొచ్చాడు. ఈయన లేడు. 'అక్కా, ఎక్కడా ఏం పడట్లేదు, బావకి తెలీకుండా దిబ్బ మీదికి వెళ్ళిరానా' అన్నాడు. మీ బావ మాట పట్టుకుంటే అందరం పస్తులుండాలి, వెళ్ళిరా అన్నాను. నాకూ నాలుగు చేపలు తెచ్చిపెట్టు అన్నాను." కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. "నవ్వుకుంటూ వెళ్ళాడు. ఎవరికి చెప్పను? ఈయన మొహం ఎలా చూడను?"

నలభై ఏళ్ళుగా వంటింట్లోకి పోతున్న ఆ పళ్ళెం తన మీద కోపంతో కాదన్న సంగతి సరంగుకి అంత తేలిగ్గా ఎక్కలేదు. లేచి వెళ్ళి భార్య పక్కన నేల మీద కూర్చున్నాడు, మోకాళ్ళు పట్టేసినా. బావమరిది పెళ్ళాం మిషను చక్రం మీద చెయ్యి పెట్టుకుంది.

"ఆ పొద్దున ఏమన్నా తిన్నాడా వదినా?" అని అడిగింది.

"తిన్నాడు. నేనే పెట్టాను."

"ఇక్కడ ఏమీ తినకుండా పోయాడు. పోట్లాడుకున్నాం," అంది ఆమె. తర్వాత ఇద్దరు ఆడవాళ్ళూ ఏడ్చారు. సరంగు ఏడవలేదు గానీ, వాళ్ళు లేచేదాకా కదల్లేదు.

షెడ్డు తయారై పిచ్చుకని లోపల నిలబెట్టారు. దిమ్మని దాని పక్కనే పెట్టారు. బోర్డు మీద ఏం రాయాలో సర్వేయరు ముందు సరంగుకి చదివి వినిపించి, ఆయన సరేనన్నాకే రాయించింది. ఇరవై మూడు వరసలో, ఒకటి దిబ్బ మీద. ఒకసారి బడి పిల్లలు వస్తే ఆయన్ని పిలిపించారు. ఒక ఆడపిల్ల, ఈ గుండ్లకి శత్రువుల ఓడలు ఎన్ని మునిగాయి తాతా అని అడిగింది.

"అటు ఒక్క ఓడా రాలేదమ్మా. యుద్ధం అయ్యేదాకా రాలేదు."

ఆ తర్వాత మళ్ళీ పిలిచినా వెళ్ళలేదు.

దిబ్బ మీద ప్రమాదం ఏమీ లేదని రేవులో నోటీసు అంటించారు. పడవలు పోవడం మొదలైంది. అల్లుడు నెలరోజులు ఆగి, మామగారి దగ్గరికొచ్చి నిలబడ్డాడు.

"రేపు నేనూ వెళ్దామనుకుంటున్నాను మామయ్యా. మీరు వద్దంటే మానేస్తాను."

సరంగు భార్యకేసి చూశాడు. యంత్రం పెట్టి గాలించిన చోటు. వద్దనడానికి కారణం లేదు. గుండు మాత్రం ఎక్కడుందో, అసలుందో లేదో, ఎవరికీ తెలీదు.

"వెళ్ళిరా," అన్నాడు సరంగు. ఆ ఒక్క మాటా అల్లుడికి వినపడేలా రెండుసార్లు అనాల్సొచ్చింది.

మర్నాడు గాలి లేదు. పది గంటలకల్లా బావమరిది పెళ్ళాం మిషను కట్టేసి, ఎవరూ పిలవకపోయినా వాళ్ళింటికి వచ్చింది. ముగ్గురూ ముందు అరుగు మీద కూర్చున్నారు. ఎవరూ పని పెట్టుకోలేదు. కూతురు టీ తెచ్చిస్తే చల్లారిపోయింది. క్వారీ మూతపడి ముప్పై ఏళ్ళయింది, పన్నెండు కొట్టింది, ఎక్కడా ఏ చప్పుడూ లేదు. ఒంటిగంట అయింది. అల్లుడు రెండింటికి వచ్చాడు. తడిచొక్కా విప్పి తీగ మీద వేసి, వాళ్ళు ముగ్గురూ తనకేసి అలా ఎందుకు చూస్తున్నారో అర్థం కాక, ఆకలేస్తోంది అన్నాడు.